చెరువులో దొరికిన విగ్రహాలు ఊళ్లో ఉండాలా, మ్యూజియానికి పోవాలా?

ప్రశ్న: చెరువుకట్ట (పరకాల ప్రాంతం)

సభ్యులందరికీ నమస్కారం. మాది పరకాల దగ్గర ఒక చిన్న ఊరు. ఈ ఎండాకాలం మా చెరువులో పూడిక తీస్తున్నప్పుడు పాత తూము పక్కన మూడు రాళ్లు బయటపడ్డాయి. ఒకటి తల విరిగిన నంది. రెండవది కత్తి పట్టిన వీరుడి బొమ్మ చెక్కిన వీరగల్లు. మూడవది మనిషి ఎత్తున్న రాతి పలక. దాని మీద అక్షరాలున్నాయి గాని సగానికి పైగా అరిగిపోయి, చదవడానికి వీలుగా లేవు. మూడింటినీ ట్రాక్టర్ మీద తెచ్చి హనుమాన్ గుడి ముందున్న వేపచెట్టు కింద నిలబెట్టారు. మరునాటి నుంచే ఆడవాళ్లు నందికి పసుపు రాసి, దీపం పెడుతున్నారు.

ఇప్పుడు ఊళ్లో రెండు మాటలు నడుస్తున్నాయి. చెరువు తల్లి ఇచ్చినవి కాబట్టి ఇక్కడే గద్దె కట్టి ప్రతిష్ఠించాలని పెద్దలు అంటున్నారు. చదువుకున్న పిల్లలు మాత్రం ఇవి కాకతీయుల నాటివి కావచ్చుననీ, ఎండకూ వానకూ వదిలేయకుండా మ్యూజియానికి అప్పగించాలనీ పట్టుబడుతున్నారు. పెద్దల అభ్యంతరానికి కూడా ఒక కారణం ఉన్నది. చాలా ఏళ్ల క్రితం మా పక్క ఊరి నుంచి ఒక దేవతా విగ్రహాన్ని అధికారులు తీసుకుపోయారు. అది ఇప్పుడు ఏ ఊరిలో, ఏ గదిలో ఉన్నదో ఆ ఊరివాళ్లలో ఎవరికీ తెలియదు. చూడటానికి పోదామన్నా ఎక్కడికి పోవాలో చెప్పేవారు లేరు.

కనుక నా ప్రశ్న ఈ మూడు రాళ్ల గురించి మాత్రమే కాదు. ఒక వస్తువును ఊరి నుంచి తీసుకుపోయే మ్యూజియానికి ఆ ఊరి పట్ల ఏ బాధ్యత ఉంటుంది? సమాజానికి మ్యూజియం చేయవలసిన పని ఏమిటి? తెలిసినవారు వివరంగా చెప్పగలరని ఆశిస్తున్నాను. మా గ్రామ సభ త్వరలో జరగబోతున్నది.

జవాబు: శాసనప్రియుడు (హనుమకొండ)

చెరువుకట్ట గారికి నమస్కారం. చరిత్ర పాఠాలు చెప్పి పదవీ విరమణ చేసినవాడిగా ముందు ఒక విన్నపం చేస్తాను. రాళ్లు ఎక్కడ ఉండాలన్న చర్చ కంటే ముందు, అవి ఎక్కడ దొరికాయన్నది కాగితం మీద పెట్టండి. తూముకు ఎంత దూరంలో, కట్టకు ఏ దిక్కున, ఎంత లోతులో, ఏ రాయి మీద ఏ రాయి పడి ఉన్నది అనే వివరాలను జేసీబీ నడిపిన మనిషినీ అక్కడ ఉన్న కూలీలనూ అడిగి ఇవాళే రాసుకోండి. మళ్లీ వానలు పడి చెరువు నిండితే ఆ చోటు కనిపించదు, మనుషుల జ్ఞాపకం కూడా నిలవదు. దొరికిన చోటు తెలియని శిల్పం అందంగా ఉండవచ్చు గాని, చరిత్రకు అది చెప్పే సాక్ష్యం చాలా తగ్గిపోతుంది.

మీ మూడింటిలో నా మనసు ఆ అక్షరాల పలక మీదనే ఉన్నది. మన దగ్గర కాకతీయుల చరిత్రలో ఎంతో భాగం ఇటువంటి ఊరి రాళ్ల మీదనే నిలబడి ఉన్నది. గణపతిదేవుని సోదరి మైలాంబ వేయించిన బయ్యారం చెరువు శాసనాన్నే తీసుకోండి. కాకతీయ వంశంలోని తొలి తరాలవారి పేర్లు వెన్న అనే పూర్వీకుడితో మొదలుపెట్టి వరుసగా తెలిసింది ఆ చెరువు శాసనం వల్లనే. నల్లగొండ వైపున్న చందుపట్ల శాసనం ఇంకా గొప్ప ఉదాహరణ. రుద్రమదేవి 1295 ప్రాంతం వరకూ పాలించిందని చరిత్రకారులు చాలాకాలం అనుకున్నారు. రుద్రమదేవీ, ఆమె సేనాని మల్లికార్జున నాయకుడూ శివసాయుజ్యం పొందారనీ, వారికి పుణ్యంగా సోమనాథ దేవునికి భూమి ఇస్తున్నాననీ పువ్వుల ముమ్మడి అనే సేవకుడు 1289 నవంబరులో వేయించిన ఆ శాసనం బయటపడిన తరువాత ఆమె మరణకాలాన్ని తిరిగి నిర్ణయించవలసి వచ్చింది. ఒక మహారాణి అంతిమకాలం గురించి రాజధానిలో దొరకని సమాచారం ఒక పల్లెలోని రాయి మీద దొరికింది. మీ పలక మీద అంతటి విషయం ఉంటుందని నేను అనడం లేదు, కానీ చదివించక ముందే దాన్ని గద్దెలో సిమెంటుతో బిగించవద్దని మాత్రం చేతులు జోడించి కోరుతున్నాను.

ఇక చట్టం సంగతి. నేలలో దాగి ఉండి దొరికిన వస్తువు విలువ 10 రూపాయలు మించితే, ఏమి దొరికిందో, ఎక్కడ దొరికిందో, ఏ రోజు దొరికిందో కలెక్టరుకు రాతపూర్వకంగా తెలపాలని 1878 నాటి ట్రెజర్ ట్రోవ్ చట్టం చెబుతున్నది. నూరేళ్లు దాటిన శిల్పాలకు 1972 నాటి పురావస్తువుల చట్టం వర్తిస్తుంది. వాటిని అనుమతి లేకుండా అమ్మడం, దేశం దాటించడం నేరం. తెలంగాణకు 2017లో వారసత్వ సంరక్షణకు ప్రత్యేకంగా చట్టం వచ్చింది. కాబట్టి సర్పంచు గారి సంతకంతో తహశీల్దారు ద్వారా ఒక దరఖాస్తు పంపించి, దాని నకలు మీద స్వీకరించినట్టు ముద్ర వేయించుకోండి. తెలియజేసినంత మాత్రాన రాళ్లు మరునాడే తరలిపోతాయని భయపడనవసరం లేదు. ఎన్నో శాసనాలు ఈనాటికీ ఊళ్లలోనే నిలబడి ఉన్నాయి.

జవాబు: గోదావరిగట్టు (పెద్దపల్లి)

శాసనప్రియుడు గారు చెప్పిన దానితో పూర్తిగా ఏకీభవిస్తూనే, పక్క ఊరి విగ్రహం గురించి మీ పెద్దలు పడుతున్న బాధ వైపు నిలబడి నాలుగు మాటలు రాస్తాను.

మా వైపు నేలలో దొరికిన వాటి ప్రయాణం ఎప్పుడూ దక్షిణానికే సాగింది. ఉమ్మడి ఆదిలాబాద్ జిల్లా యామనపల్లి దగ్గర జియలాజికల్ సర్వే వారు తవ్వి తీసిన డైనోసార్ ఎముకలు జురాసిక్ యుగపు తొలి దశకు చెందినవి. ఆ జీవికి కోటసారస్ యామనపల్లియెన్సిస్ అని పేరు పెట్టారు. మన గోదావరి తీరపు పల్లె పేరు ప్రపంచ శాస్త్రగ్రంథాలలోకి ఎక్కింది. ఆ అస్థిపంజరం మాత్రం హైదరాబాదులోని బిర్లా సైన్స్ మ్యూజియంలో నిలబడి ఉన్నది. అక్కడ అది చక్కగానే ఉన్నది, లక్షలమంది పిల్లలు చూస్తున్నారు, అందుకు సంతోషమే. అయితే యామనపల్లి బడిలో చదివే పిల్లవాడికి తన ఊరి నేల కింద ఏమి దొరికిందో చూపించడానికి ఆ దగ్గర్లో కనీసం ఒక నమూనా అయినా ఉండవలసింది.

కోటిలింగాల కథ వేరు. పెద్దవాగు గోదావరిలో కలిసే చోట ఉన్న ఆ దిబ్బ మీద శాతవాహన వంశపు తొలి రాజుగా చెప్పే చిముకుని నాణేలూ, అంతకు ముందు పాలించిన గోబద, నారన, సమగోప వంటి రాజుల నాణేలూ దొరికాయి. వాటిని చదివి లోకానికి చెప్పినవారు శాసన పరిశోధకులు పి.వి. పరబ్రహ్మశాస్త్రి గారు. ఆ నాణేలు ఏ బజారులోనో దొరికి ఉంటే వ్యాపారంలో చేతులు మారి వచ్చినవని తోసిపుచ్చేవారు. ఒకే చోట, ఒకే నేలలో, శాతవాహనులకు ముందటి వారివీ శాతవాహనులవీ కలిసి దొరికినందువల్లనే శాతవాహనుల తొలి అడుగులు ఇక్కడ పడ్డాయనే వాదానికి బలం వచ్చింది. తరువాత ఎల్లంపల్లి జలాశయం నీళ్లు ఆ ప్రాంతాన్ని ముంచేశాయి. అక్కడి వస్తువులను తీసి భద్రపరచకపోయి ఉంటే ఇవాళ మనకు మిగిలేది శూన్యం. అంటే, వస్తువు ఉన్న చోటే ఉండాలన్న నియమాన్ని అన్నిచోట్లా పట్టుకోలేము. కృష్ణ మీద నాగార్జునసాగర్ కట్టినప్పుడు నాగార్జునకొండ శిల్పాలను కొండ మీది మ్యూజియంలోకి తరలించకపోతే అవి కూడా మనకు దక్కేవి కావు.

నేను కోరేది మధ్యస్థమైన దారి. వస్తువు ఊళ్లో క్షేమంగా ఉండలేకపోతే దగ్గరి పట్టణానికి పోవాలి, రాజధానికి కాదు. హుస్సేన్‌మియా వాగు పక్కనున్న ధూళికట్ట బౌద్ధ స్తూపానికి చెందిన శిల్పాలలో కొన్నింటిని కరీంనగర్ పురావస్తు మ్యూజియంలో చూడవచ్చు. పొద్దున స్తూపం చూసి, మధ్యాహ్నం ఆ శిల్పాలను చూసి, సాయంత్రానికి ఇంటికి చేరవచ్చు. బడిపిల్లలను తీసుకుపోవడానికి అదే అనువైన దూరం. హైదరాబాదు బాగే ఆమ్‌లో 1930లో మొదలైన రాష్ట్ర మ్యూజియం మీద నాకు ఎంతో గౌరవం ఉన్నది. అయినా ఒక రాష్ట్రపు జ్ఞాపకమంతా ఒకే ప్రాంగణంలో ఉండటం మంచిది కాదు. 2018 సెప్టెంబరులో బ్రెజిల్ జాతీయ మ్యూజియం ఒక్క రాత్రిలో తగలబడినప్పుడు ఆ దేశం రెండు వందల ఏళ్లుగా కూడబెట్టుకున్న దానిలో అత్యధిక భాగం బూడిదైపోయింది.

వరంగల్, కరీంనగర్, నిజామాబాద్, ఆదిలాబాద్ వైపు జిల్లా మ్యూజియాలకు తగిన సిబ్బందినీ నిధులనూ ఇవ్వాలని అడగడం మన హక్కు. ఊళ్లు వస్తువులను ఇవ్వడానికి వెనుకాడుతున్నాయని బాధపడే అధికారులు, ఊరి మనిషి బస్సెక్కి పోయి చూసి రాగలిగినంత దగ్గరలో ఆ వస్తువును ఉంచితే ఆ వెనుకాటు ఎంత తగ్గుతుందో ఆలోచించాలి.

జవాబు: పటం కథ (జనగామ)

అన్నలిద్దరూ రాళ్ల గురించి రాశారు. నేను పటం కథలు చెప్పే కుటుంబాల మధ్య తిరిగి వారి పాటలు రికార్డు చేసుకుంటున్న పరిశోధక విద్యార్థినిని. నాకు మ్యూజియం విషయంలో ఉన్న దిగులు కొంచెం వేరు.

చేర్యాల నకాషీ పటాన్ని మీరు చాలామంది చూసి ఉంటారు. ఖద్దరు గుడ్డకు చింతగింజల అంబలీ, తెల్ల సుద్దా, జిగురూ పట్టించి, ఆరిన తరువాత దాని మీద రంగులతో కథను వరుసగా గీస్తారు. ఆ పటం గోడకు వేలాడదీయడానికి పుట్టలేదు. పద్మశాలీలకు మార్కండేయ పురాణం చెప్పే కూనపులివారికీ, గొల్ల కురుమలకు కథ చెప్పే మందహెచ్చులవారికీ, ముదిరాజులకు కథ చెప్పే కాకిపడగలవారికీ అది కథ నడిపించే ఆధారం. కర్రతో ఒక్కొక్క బొమ్మను చూపిస్తూ, తాళం వేస్తూ, రాత్రంతా పాడితేనే అది పూర్తవుతుంది. ఎవరి కథ ఎవరు చెప్పాలి, ఎవరి ఇంటి ముందు చెప్పాలి, ఎంత త్యాగం (కథ చెప్పినందుకు ఇచ్చే ప్రతిఫలం) అడగాలి అనే కట్టుబాటు కూడా అందులో భాగమే. అద్దాల పెట్టెలో పటాన్ని పెట్టి "జానపద చిత్రం, తెలంగాణ" అని చీటీ అంటిస్తే చూసేవారికి రంగులు మాత్రమే దక్కుతాయి. గీసిన నకాషీ చిత్రకారుడి పేరు లేదు, పాడిన కుటుంబం పేరు లేదు, పాట అంతకన్నా లేదు. పటాన్ని కొన్న రోజునే ఆ కథకుడిని కూర్చోబెట్టి పూర్తి కథను రికార్డు చేసి, పటం పక్కనే వినిపించే ఏర్పాటు చేయడం ఈ రోజుల్లో కష్టమైన పని కాదు. దీన్ని అదనపు సౌకర్యంగా కాకుండా మ్యూజియం కనీస ధర్మంగా చూడాలని నేను గట్టిగా నమ్ముతున్నాను.

అంతర్జాతీయ మ్యూజియాల మండలి 2022 ఆగస్టులో ప్రాగ్ నగరంలో ఆమోదించిన కొత్త నిర్వచనంలో, చేతితో తాకగల వారసత్వంతో పాటు తాకలేని వారసత్వాన్ని కూడా చేర్చింది. సమాజాల భాగస్వామ్యంతో మ్యూజియాలు పనిచేయాలని కూడా స్పష్టంగా చెప్పింది. చెరువుకట్ట గారు అడిగిన బాధ్యత అన్న ప్రశ్నకు ఇందులో సూటిగా జవాబు ఉన్నది. తెచ్చిన వస్తువు గురించి ఏమి చెప్పాలన్నది తెచ్చినవారితో పాటు ఇచ్చినవారు కూడా నిర్ణయించాలి.

మేడారం ఈ విషయంలో మనకు మంచి పాఠం. అక్కడ విగ్రహం లేదు. చిలకలగుట్ట నుంచి సమ్మక్కను కుంకుమ భరిణె రూపంలో కోయ పూజారులైన వడ్డెలు తెచ్చి గద్దె మీద నిలుపుతారు. రెండేళ్లకొకసారి మాఘమాసంలో లక్షలాది జనం వస్తారు, జాతర ముగియగానే తల్లులు వనప్రవేశం చేస్తారు. ఆ భరిణెను తెచ్చి అద్దాల వెనుక పెట్టాలని ఎవరైనా అనగలరా? అక్కడ గిరిజన మ్యూజియం ఉన్నది, అందులో ఆదివాసుల జీవనానికి సంబంధించిన వస్తువులు ఉన్నాయి; పవిత్రమైనది మాత్రం దాని యజమానుల చేతిలోనే, వారి గోప్యతలోనే ఉన్నది. మీ ఊరి నందికి దీపం పెడుతున్న తల్లులను కూడా ఈ దృష్టితోనే చూడాలి. వాళ్లు వారసత్వాన్ని పాడుచేస్తున్నవారు కారు, దాన్ని తమ పద్ధతిలో స్వీకరిస్తున్నవారు. మాట్లాడి ఒప్పించవలసింది వారిని, తప్పించుకుని పోవడం కాదు.

ప్రసంగవశాత్తు ఇంకొక మాట. వారసత్వమంటే కాకతీయులూ శిల్పాలూ మాత్రమే అయినట్టు మన జిల్లాలో చర్చలు సాగుతాయి. 1934లో వరంగల్‌లో మొదలైన ఆజంజాహి మిల్లు తరతరాలుగా వేలాది కుటుంబాలకు అన్నం పెట్టింది. మిల్లు మూతపడింది, యంత్రాలు పోయాయి, కట్టడాలు నేలమట్టమయ్యాయి. అందులో పనిచేసిన కార్మికుల హాజరు కార్డులు, జీతపు చీటీలు, సంఘం కరపత్రాలు ఇంకా కొన్ని ఇళ్లలో ట్రంకు పెట్టెల్లో ఉండి ఉంటాయి. ఆ తరం వాళ్లు ఇప్పుడు ముసలివాళ్లయ్యారు. వాళ్లు మన మధ్య ఉన్నప్పుడే ఆ కాగితాలనూ వాళ్ల మాటలనూ సేకరించే చిన్న మ్యూజియం ఒకటి వరంగల్‌లో రావాలి. నాకు ఈ విషయంలో ఎంతో ఆరాటంగా ఉన్నది.

జవాబు: భాండాగారం (హైదరాబాద్, స్వస్థలం నర్సంపేట)

నేను వస్తు సంరక్షణ విభాగంలో పనిచేసినవాడిని కనుక ఆచరణకు సంబంధించిన విషయాలు మాత్రమే రాస్తాను.

ఏ మ్యూజియంలోనైనా ప్రదర్శనలో కనిపించేవి కొన్నే, మిగిలినవి నిల్వ గదిలో ఉంటాయి. అది నిర్లక్ష్యం కానవసరం లేదు. గుడ్డ, కాగితం, తాటాకు వంటివి వెలుతురుకు త్వరగా దెబ్బతింటాయి కాబట్టి వాటి మీద 50 లక్స్‌కు (వెలుతురును కొలిచే ప్రమాణం) మించి వెలుగు పడకుండా చూస్తాము, కొంతకాలం చూపించి మళ్లీ చీకట్లో విశ్రాంతినిస్తాము. పటం కథ గారు చెప్పిన నకాషీ పటాలలో అంబలి ఉంటుంది కాబట్టి పురుగు బెడద కూడా ఎక్కువ. రాతికి ఈ ఇబ్బందులు లేవు. మంచి నల్లరాయి ఊళ్లో, చిన్న పందిరి కింద, నేల తేమ తగలకుండా అరుగు మీద నిలబెడితే హాయిగా ఉంటుంది. దానికి అసలు శత్రువులు ఆయిల్ పెయింటు, సిమెంటు, ఆమ్లంతో కడగడం, ఇసుకను ఒత్తిడితో కొట్టించి శుభ్రం చేయించడం. పసుపూ నూనే కూడా ఏళ్ల తరబడి పేరుకుంటే చెక్కడం పూడిపోతుంది. పూజ ఆపించలేకపోతే, పసుపు పాదపీఠానికి మాత్రమే పెట్టేలా ఒప్పించండి. చాలా ఊళ్లలో ఆడవాళ్లే ఈ మాటను వెంటనే అర్థం చేసుకుంటారు.

ఊరు ఏదైనా వస్తువును అప్పగించాలని నిర్ణయించుకుంటే, ఉత్త చేతులతో పంపించవద్దు. మ్యూజియం తన రిజిస్టరులో వేసుకునే నమోదు సంఖ్యను రాతపూర్వకంగా తీసుకోండి. ప్రదర్శనలో పెట్టినా నిల్వలో పెట్టినా చీటీ మీద ఊరి పేరు ఉండాలని అడగండి. వీలైతే అచ్చు పోసిన నకలు ఒకటి ఊరికి ఇవ్వమని కోరండి. పక్క ఊరి విగ్రహం జాడ తెలియకపోవడానికి కారణం ఈ కాగితం లేకపోవడమే అయి ఉంటుంది.

ఫోటోలు తప్పనిసరి. నాలుగు వైపుల నుంచీ, పక్కన కొలబద్ద పెట్టి తీయండి. తమిళనాడులోని శ్రీపురంతాన్ గుడి నుంచి దొంగిలించిన నటరాజ విగ్రహం ఆస్ట్రేలియా జాతీయ గ్యాలరీకి చేరి, 2014లో తిరిగి మన దేశానికి వచ్చింది. అది ఆ గుడిదేనని నిరూపించడంలో పుదుచ్చేరిలోని ఫ్రెంచ్ పరిశోధన సంస్థ వారు ఎన్నో ఏళ్ల ముందు తీసి దాచిన ఫోటోలు కీలకమయ్యాయి. ఫోటో తీసినవారికి ఆ రోజు దొంగతనం సంగతి తెలియదు. వారు తమ పని శ్రద్ధగా చేశారు, అంతే.

ప్రశ్న అడిగినవారి స్పందన: చెరువుకట్ట

అందరికీ పేరుపేరునా ధన్యవాదాలు. మీ జవాబులను అచ్చు వేయించి గ్రామ సభలో చదివి వినిపించాను. చాలాసేపు చర్చ జరిగింది. చివరకు నందినీ వీరగల్లునూ ఊళ్లోనే ఉంచి, వేపచెట్టు పక్కన అరుగు కట్టి, పైన రేకుల పందిరి వేయాలని తీర్మానించారు. అరుగుకు సిమెంటు రాసినా రాళ్లకు తగలకూడదని కూడా తీర్మానంలో రాయించాను. అక్షరాల పలక విషయంలో తహశీల్దారు ద్వారా దరఖాస్తు పంపాము. అధికారులు వచ్చి చదివిన తరువాత, అవసరమని వారు చెబితే వరంగల్‌కు ఇవ్వడానికి ఊరు ఒప్పుకున్నది. అయితే నమోదు సంఖ్యా, నకలూ ఇస్తేనే అని పెద్దలు షరతు పెట్టారు. నందికి పసుపు రాసే తల్లులతో మా పిన్ని మాట్లాడింది. పీఠానికి మాత్రమే పెడతామని వారు ఒప్పుకున్నారు.

పలక గురించి ఒక సందేహం మిగిలింది. పై భాగంలో గుండ్రంగా ఒక గుర్తూ, పక్కన నెలవంక లాంటి గుర్తూ ఉన్నాయి. వాటి కింద ఏదో జంతువు బొమ్మ ఉన్నది. అధికారులు వచ్చేలోపు అక్షరాలను మేమే ఏదో ఒక విధంగా కాపీ తీసుకోవచ్చా?

జవాబు: శాసనప్రియుడు

చాలా మంచి నిర్ణయం తీసుకున్నారు. మీరు చెప్పిన గుర్తులు సూర్యచంద్రులు అయి ఉంటాయి. దానశాసనాల మీద అవి తరచుగా కనిపిస్తాయి. సూర్యచంద్రులు ఉన్నంతకాలం ఆ దానం చెల్లాలని దాని భావం. జంతువు ఆవో నందో అయితే, అది ఏదైనా గుడికి ఇచ్చిన భూదానమో చెరువు కింది మడి దానమో కావచ్చు. చదివేవరకూ ఏదీ తేల్చి చెప్పలేము.

కాపీ మీరు తీయవద్దు. నిపుణులు తడి కాగితాన్ని రాతి మీద పరచి, బ్రష్షుతో కొట్టి అక్షరాల గుంటల్లోకి దించి, ఆపైన సిరా అద్ది అచ్చు తీస్తారు. చేయి తిరగనివారు చేస్తే సిరా రాతికి అంటుకుంటుంది. అక్షరాలలో సుద్ద గాని, బొగ్గు గాని నింపకండి, ఇనుప బ్రష్షుతో రుద్దకండి. మంచి నీళ్లూ మెత్తని కొబ్బరి పీచూ చాలు. చీకటి పడ్డాక టార్చిలైటును రాతి పక్క నుంచి, అడ్డంగా పడేలా పట్టుకుని ఫోటోలు తీయండి. పగటి వెలుగులో కనబడని అరిగిన గీతలు కూడా నీడతో తేలి వస్తాయి. ముందువైపుతో ఆగిపోకుండా పక్కలూ వెనుకా కూడా చూడండి, మన శాసనాలలో చాలావాటికి రాత నాలుగు ముఖాలకూ నడుస్తుంది. ఆ ఫోటోలు ఇక్కడే పెట్టండి, కూర్చుని చదువుదాం.